లస్కరు పరుగు

1998. ఆశ్వయుజం చివరి రోజులు. ఆ ఏడు వానలు హైదరాబాదును తొందరగా వదల్లేదు. కృష్ణానగర్‌లో ఒక హార్డ్‌వేర్ కొట్టు మీద ఉన్న ఎడిటింగ్ గది గోడలు చెమ్మ పట్టాయి. తలుపు చెక్క ఉబ్బి, భుజం ఆనించి తోస్తేగాని తెరుచుకునేది కాదు.

ఆ గదిలో కూర్చున్న భానోజీకి ఒక షాట్ లొంగడం లేదు.

భానోజీ పీరయ్య మాస్టారి శిష్యుడు. పీరయ్య సగం జీవితం మద్రాసులో సినిమాలు కత్తిరించి, పరిశ్రమ తరలి వచ్చినప్పుడు దాని వెంట హైదరాబాదు వచ్చిన మనిషి. గదిలోకి కంప్యూటరు వచ్చినా పాత ఫిల్ము మిషన్ను మూల నుంచి కదలనివ్వలేదు. కొత్తగా చేరినవాడి చేతికి ఆయన కత్తెర ఇచ్చేవాడు కాదు, రీళ్ళు ఇచ్చేవాడు. ఒక్కో రీలూ మొదలు నుంచి బొమ్మ అయిపోయి తెర తెల్లబడేదాకా కూర్చుని చూడాలి. మధ్యలో లేస్తే మళ్ళీ మొదటికి రావాలి. ఎందుకని అడిగితే చెప్పేవాడు కాదు. అసలు ఏ మాటా రెండోసారి చెప్పే అలవాటు ఆయనకు లేదు.

భానోజీ సినిమా బడిలో చదివి వచ్చినవాడు. రీళ్ళు చూడమనడం అతనికి శిక్షలా తోచింది. చూస్తున్నట్టు కూర్చునేవాడు. మనసులో మాత్రం, ఈ ముసలాయన పని కాలంతో పాటే వెళ్ళిపోతోంది, పాపం, అనుకునేవాడు.

ఇప్పుడు అతని ముందున్నది తన పేరుతో రాబోయే మొదటి పని. పాతికేళ్ళ కిందట మట్లదిబ్బ అనే సముద్రపొడ్డు ఊరిని ఉప్పెన ముంచేసింది. ఉప్పెన వచ్చిన రోజునే ప్రసారం చేసేలా ఒక టీవీ ఛానెల్ ఆ కథను సినిమాగా తీయమంది. భానోజీ మట్లదిబ్బ వెళ్ళి బతికినవాళ్ళతో మాట్లాడించి తెచ్చాడు. పాత న్యూస్‌రీళ్ళు దాచే గోడౌన్ నుంచి ఆనాటి బొమ్మలు టేపు మీదికి ఎక్కించుకుని తెచ్చాడు.

మట్లదిబ్బలో ఎవరిని కదిపినా ఒకటే మాట. ఊరి పక్క కాలవకు లాకులున్నాయి. ఆ రోజు లాకుల తలుపులు ఎత్తి ఉంటే పైనుంచి వచ్చిన వరద సముద్రంలోకి పోయేది. ఇనప హేండిలు తిప్పి వాటిని ఎత్తాల్సిన లాకుల ఉద్యోగి, లస్కరు నూకయ్య, ప్రాణభయంతో పారిపోయాడు. తలుపులు మూసినవి మూసినట్టే ఉండిపోయాయి. సముద్రం రాకముందే కాలవ గట్టు తెగి ఊరి మీద పడింది.

ఆ మాట ఒప్పుకోని మనిషి ఊళ్ళో ఒక్కతే ఉంది. నూకయ్య భార్య దేవుళ్ళమ్మ. భర్త శవం దొరకలేదు. ఆమె మాత్రం ఏటా ఉప్పెన వచ్చిన రోజున అన్నం వండి, విస్తట్లో పెట్టి, లాకుల గోడ మీద ఉంచి వచ్చేది. పోయిన చోటనే పెట్టాలని ఆమె పట్టు. పారిపోయినవాడికి ఇక్కడెందుకమ్మా అన్నం, మూటగట్టి బస్సులో పంపు అని దారిలో నవ్వేవాళ్ళు. ఆమె తల తిప్పేది కాదు. విస్తరి మీద పైట కొంగు కప్పి తన దారిన తాను నడిచేది.

భానోజీ ఆమెను కాలవ గట్టు మీదే కూర్చోబెట్టి కెమెరా పెట్టాడు. బొమ్మలో ఆమె వెనక కుడిచేతి వైపు, కాస్త దూరంలో, లాకులు కనిపిస్తాయి. ఆమె మాట్లాడింది తక్కువ.

“తలుపెనకాల ఇనప హేండిలు తీసుకున్నాడు బాబూ. లాకుల కాడికే ఎళ్ళాడు. నాకు తెలుసు.”

ఆ మాట తరువాత ఏం చూపించాలన్నదే భానోజీని పట్టుకున్న చిక్కు.

గోడౌన్ నుంచి తెచ్చిన బొమ్మల్లో ఒకటుంది. ఉప్పెన మీదపడే ముందు ఎవరో కెమెరామన్ తీసింది. నలుపు తెలుపు. శబ్దం లేదు. వానలో కాలవ గట్టు మీద ఒక మనిషి పరిగెడుతుంటాడు. ఖాకీ చొక్కా, భుజాన ఏదో బరువు. రీలు డబ్బా మీద మట్లదిబ్బ లస్కరు అని రాసి ఉంది. లాకులు మాత్రం బొమ్మలో పడలేదు. మనిషి, గట్టు, వాన. అంతే.

ఆ మనిషి ఎడమ నుంచి కుడికి పరిగెడుతున్నాడు. దేవుళ్ళమ్మ మాట తరువాత ఆ బొమ్మ అతికిస్తే ఆయన నేరుగా లాకుల వైపే వెళ్తున్నట్టుంది. పారిపోయాడని ఊరంతా చెబుతుంటే బొమ్మ ఇంకోలా చెబుతోంది. ఇదీ లొంగని షాట్.

భానోజీ ఒక పూటంతా ఆలోచించి చిక్కు విప్పాననుకున్నాడు. కాలవకు రెండు గట్లుంటాయి. ఈ గట్టున నిలబడి చూస్తే లాకులు కుడివైపు. అవతలి గట్టుకు వెళ్ళి చూస్తే అవే లాకులు ఎడమవైపు. ఆ కెమెరామన్ అవతలి గట్టున నిలబడి తీసి ఉంటాడు. అందుకే లాకుల నుంచి పారిపోతున్న మనిషి లాకులకేసి వెళ్తున్నట్టు కనపడుతున్నాడు. ఇది ఎడిటింగ్ నేర్చుకునేవాళ్ళకు మొదటి రోజుల్లోనే చెప్పే పాఠం. దీనికి మందు కూడా ఉంది. కంప్యూటర్లో ఒక మీట నొక్కితే బొమ్మ అద్దంలో చూసినట్టు తిరగబడుతుంది.

నొక్కాడు. నూకయ్య కుడి నుంచి ఎడమకు, లాకులకు వీపు పెట్టి పరిగెత్తాడు.

ఇప్పుడు అంతా కుదిరింది. ముసలామె లాకుల కాడికే ఎళ్ళాడంటుంది. ఆ మాట ఆరకముందే ఆయన పారిపోతూ కనిపిస్తాడు. మధ్యలో వ్యాఖ్యానం ఒక్క ముక్క లేదు. చూసేవాడి గుండె అక్కడ పట్టేస్తుంది. భానోజీ ఆ అతుకును మళ్ళీ మళ్ళీ వేసుకుని చూశాడు. ఇంత పని తన చేతిలో ఉందని తనకే తెలియలేదనుకున్నాడు.

సినిమా అంతా పూర్తయ్యాక మాస్టారిని పిలిచి చూపించాడు. పీరయ్య స్టూలు మీద కూర్చుని, టీ గ్లాసు మోకాలి మీద పెట్టుకుని చూశాడు. నూకయ్య పరుగు దగ్గర చెయ్యెత్తాడు. భానోజీ బొమ్మ ఆపాడు. మెప్పు వస్తుందనుకున్నాడు.

“ఇతని చొక్కా జేబు కుడివైపుంది,” అన్నాడు పీరయ్య.

భానోజీ నవ్వాడు. ముసలాయన కన్ను ఇంకా పదునుగానే ఉందే అనుకుని, బొమ్మ ఎందుకు తిప్పాల్సి వచ్చిందో వివరించాడు. రెండు గట్ల సంగతీ, కెమెరా నిలబడే చోటు సంగతీ బల్ల మీద వేలితో గీసి మరీ చెప్పాడు. తను పుట్టకముందు నుంచే ఆ పని చేస్తున్న మనిషికి చెబుతున్నానన్న ధ్యాస లేదు. పీరయ్య ఓపికగా విన్నాడు.

“కెమెరా అవతలి గట్టున ఉందా?”

“ఉండి ఉండాలి మాస్టారూ.”

“ఉందా, ఉండి ఉండాలా?”

ఊరంతా అదే చెబుతోందన్నాడు భానోజీ. ఊరి సంగతి అడగలేదు, కెమెరా సంగతి అడిగాను అన్నాడు పీరయ్య. ఆ రీలు చివరిదాకా చూశావా అని కూడా అడిగాడు. భానోజీ చూడలేదు. గోడౌన్లో రీలును వేగంగా తిప్పుకుంటూ పోయి, మనిషి బాగా కనపడే ముక్క దగ్గర గుర్తు పెట్టి, అంతవరకే టేపుకు ఎక్కించుకున్నాడు. ఆ తరువాత మనిషి చిన్నబడిపోయాడు, వాన తెరలు కట్టింది, టీవీకి పనికొచ్చే బొమ్మ కాదు.

మొత్తం రీలు తెప్పించు అన్నాడు పీరయ్య.

గోడౌన్ హైదరాబాదు అవతలి అంచునే ఉంది. స్కూటరు మీద పోయి రావడం ఒక పూట పని. కాని మర్నాడే సినిమా ఛానెల్‌కు అప్పగించాలి. అప్పటికే శబ్దం కలపడం అయిపోయింది. ఛానెల్ ఆయన ఫోను మీద ఫోను చేస్తున్నాడు. వానలో అంత దూరం పోవాలన్నా, అయిన పనిని మళ్ళీ విప్పాలన్నా భానోజీకి ప్రాణం ఒప్పలేదు.

“రెప్పపాటు షాట్ మాస్టారూ. జేబు ఎటుందో ఎవరు చూస్తారు?”

“అతనివాళ్ళు చూస్తారు,” అన్నాడు పీరయ్య.

గ్లాసు కింద పెట్టి, గొడుగు తీసుకుని వెళ్ళిపోయాడు.

మర్నాడు పొద్దున భానోజీ వచ్చేసరికి సినిమా మొదట్లో వచ్చే పేర్లలో పర్యవేక్షణ కింద వేసిన పీరయ్య పేరు లేదు. పేర్లు వేసే అమ్మాయిని అడిగితే, మాస్టారే పొద్దున్నే వచ్చి తీయించారంది. భానోజీకి మనసు చివుక్కుమంది. కంప్యూటరు తన చేతిలో పలికినట్టు ఆయన చేతిలో పలకడం లేదు, ఆ ఉక్రోషమే ఇది అనుకున్నాడు. ఒకందుకు మంచిదే, పేరు మొత్తం తనదే అని కూడా అనుకున్నాడు. టేపు తీసుకెళ్ళి ఇచ్చేశాడు.

కార్తీకంలో ఆ సినిమా ప్రసారమైంది. అందరూ మెచ్చుకున్నారు. ముసలామె మాట మీద ఆ పరుగు పడేచోట తన భార్య ఏడ్చేసిందని ఛానెల్ ఆయన ఫోనులో చెప్పాడు. ఇంకో సినిమా గురించి మాట్లాడదాం రమ్మన్నాడు. భానోజీ ఎదురుచూసిన మాట మాత్రం గదిలోనే ఉన్న మనిషి నుంచి రాలేదు. పీరయ్య రోజూ వచ్చి తన మూల కూర్చుని, ఎవరిదో పాత సినిమాకు ఊడిపోయిన అతుకులు వేసుకుంటున్నాడు.

కొన్నాళ్ళకు ఒక ఉదయం ఎవరో తలుపు తోయలేక బయట నిలబడిపోయారు. భానోజీ లోపలి నుంచి లాగి తెరిచాడు. ముప్పై లోపు ఆడమనిషి. రైలు దిగి నేరుగా వచ్చినట్టుంది. తెగిన చెప్పు చేత పట్టుకుని ఉంది. మట్లదిబ్బ సినిమా తీసిన సార్ ఎవరని అడిగింది. పేరు లోవకుమారి. కాకినాడలో ఒక బడిలో వంట చేస్తుంది. నూకయ్య కూతుర్ని అంది.

భానోజీ గొడవకు సిద్ధపడ్డాడు. ఆమె గొడవకు రాలేదు. ఇచ్చిన మంచినీళ్ళు తాగి, అక్కడ జరిగింది చిన్న గొంతుతో చెప్పింది. సినిమా వచ్చిన రోజు వాళ్ళమ్మ ఎప్పటిలాగే అన్నం వండింది. సాయంత్రం లాకుల దగ్గరికి బయలుదేరబోతుంటే, నిన్ను టీవీలో చూపిస్తున్నారని పక్కింటివాళ్ళు కేకేశారు. వెళ్ళి అరుగు మీద కూర్చుని చూసింది. తన మాట విన్నది. ఆ వెంటే భర్తను చూసింది. పాతికేళ్ళకు చూసింది. ఇంటికి వచ్చి విస్తట్లో అన్నం కోళ్ళకు వేసేసింది. ఆ పూట నుంచి కూతురితో కూడా సరిగ్గా మాట్లాడటం లేదు.

“బొమ్మ ఇంకా ముందుకుందా సార్? చూసి రమ్మంది మా అమ్మ. పారిపోయినవాడు బతికే ఉంటాడు గదా. ఎటు పోయాడో, ఎందుకు రాలేదో అందులో తెలుస్తుందేమోనంది.”

మూల నుంచి పీరయ్య లేచాడు. చేతిలో ఫిల్ము ముక్కను జాగ్రత్తగా కొక్కేనికి తగిలించాడు.

“రా అమ్మా,” అన్నాడు. భానోజీకేసి చూసి, “నువ్వూ,” అన్నాడు.

గోడౌన్లో పాత ఫిల్ము పులిసిన వాసన. అక్కడి ఉద్యోగి రీలు వెతికి తెచ్చి, చూసుకునే బల్ల చూపించి వెళ్ళాడు. పీరయ్య రీలు ముట్టుకోలేదు. దాని కొస భానోజీ చేతికి ఇచ్చాడు.

“ముఖం ఏదో చూడు.”

ఫిల్ముకు రెండు పక్కలుంటాయి. పాతబడ్డాక రెండూ కంటికి ఒకేలా ఉంటాయి. తడి పెదవికి ఏ పక్క అంటుకుంటే అది బొమ్మ పూత ఉన్న పక్క. దాన్ని బట్టి రీలు సరిగ్గా ఎక్కించాలి. తిరగేసి ఎక్కిస్తే కుడి ఎడమా తారుమారవుతాయి. భానోజీ ఈ పని సినిమా బడిలో ఒకసారి వేడుకకు చేశాడు, అంతే. ఇప్పుడు పెదవి తడిపి కొసను ఆనించాడు. ఒక పక్క జారిపోయింది. రెండో పక్క అంటుకుంది. నాలుకకు పుల్లగా తగిలింది.

రీలు సరిగ్గా ఎక్కించాడు. లోవకుమారిని తెర ఎదుట కూర్చోబెట్టి పీరయ్య వెనక నిలబడ్డాడు.

వాన. గట్టు. ఖాకీ చొక్కా, జేబు ఎడమవైపు. మనిషి ఎడమ నుంచి కుడికి పరిగెడుతున్నాడు. భానోజీ గుర్తు పెట్టుకున్న చోటు వచ్చింది, దాటిపోయింది. కెమెరా ఆగలేదు. మనిషితో పాటు మెల్లగా తిరుగుతూ పోయింది. మనిషి చిన్నబడ్డాడు. వాన తెరలు కట్టింది. ఒకచోట అసలు కనపడలేదు. మళ్ళీ కనపడ్డాడు. అప్పుడు బొమ్మలోకి కుడివైపు నుంచి లాకుల గోడ వచ్చింది.

నూకయ్య గోడ ఎక్కాడు. భుజం మీది ఇనప కడ్డీ దించాడు. వంగి దాన్ని తలుపుల పైనున్న మరకు తగిలించాడు. ఒళ్ళంతా దాని మీద వాల్చి తిప్పాడు. తలుపు లేచిందో లేదో ఆ దూరానికి తెలియదు. మరోసారి వాలాడు. కెమెరా ఊగింది. తెర తెల్లబడింది.

కెమెరా ఈ గట్టునే ఉంది.

లోవకుమారి మళ్ళీ వేయమంది. భానోజీ వేశాడు. అది హేండిలేనా అని అడిగింది. హేండిలేనమ్మా అన్నాడు పీరయ్య. మళ్ళీ వేయమంది. ఈసారి తెరకు బాగా దగ్గరగా జరిగి చూసింది.

“నాకు నడకొచ్చే వయసు సార్ అప్పుడు. ఆయన ముఖం తెలీదు. ఇందులోనూ ముఖం పడలేదు. ఆ వీపు మాత్రం మా అమ్మ చెప్పినట్టే ఉంది.”

ఆమె బయటికి వెళ్ళి వరండాలో నిలబడింది. భానోజీ రీలు వెనక్కి చుట్టడం సగంలో ఆపేశాడు. ఆ రోజే నన్ను మెడబట్టి ఇక్కడికి పంపాల్సింది మాస్టారూ అన్నాడు. తప్పు పంచుకోవడానికి అన్న మాటో, ఏడుపు ఆపుకోవడానికి అన్న మాటో అతనికే తెలియదు.

పీరయ్య ఖాళీ తెరకేసి చూస్తున్నాడు.

“పంపాల్సింది,” అన్నాడు.

ఆ ముక్కంతా టేపుకు ఎక్కించుకుని ముగ్గురూ మట్లదిబ్బ వెళ్ళారు. అక్కడా ముసురే. దేవుళ్ళమ్మ ఉంటున్నది ఉప్పెన తరువాత కట్టించిన రేకుల ఇల్లు. పక్కింటి టీవీ, ఎవరో పెళ్ళిళ్ళకు అద్దెకిచ్చే క్యాసెట్ ప్లేయరూ తెచ్చి పెట్టారు. గుమ్మం దగ్గర, కిటికీ దగ్గర జనం చేరారు. దేవుళ్ళమ్మ పీట మీద కూర్చుంది. అల్లుడికి ఎదురుపడ్డట్టు పైట భుజం మీదికి లాక్కుంది, అంతే. తిట్టలేదు, ఏమీ అడగలేదు.

భానోజీ ఆమె ముందు నేల మీద కూర్చుని తప్పు తనదేనన్నాడు. బొమ్మను అద్దంలోలా తిప్పేశానన్నాడు. కాలవకు రెండు గట్లున్నాయని, కెమెరా ఎక్కడ నిలబడితే లాకులు ఎటు కనపడతాయని మొదలుపెట్టాడు. చెబుతున్నకొద్దీ మాటలు ముడిపడిపోయాయి. పీరయ్య ముందు బల్ల మీద గీసి చెప్పిన అదే సంగతి ఆమె ముందు నోటికి రాలేదు. చివరికి, చూడండమ్మా అని టేపు వేశాడు.

నూకయ్య ఎడమ నుంచి కుడికి పరిగెత్తాడు. లాకుల గోడ ఎక్కాడు. వంగాడు. జనంలో గుసగుస ఆగిపోయింది. గుమ్మంలో నిలబడ్డ ఒక పెద్దాయన తల మీది తుండు తీసి చేత్తో పట్టుకున్నాడు. అయినా కిటికీ దగ్గర ఎవడో ఊరుకోలేదు. సినిమావోళ్ళు గదా, ఏనుగుని కూడా ఎగరేత్తారు అన్నాడు. ఇద్దరు ముగ్గురు నవ్వబోయి మానేశారు.

“అమ్మా, నాన్న. హేండిలు తిప్పుతున్నాడు, చూడు,” అంది లోవకుమారి.

దేవుళ్ళమ్మ చూస్తూనే ఉంది. తెర తెల్లబడ్డాక కూడా కాసేపు అటే చూసింది. తరువాత భానోజీకేసి తిరిగింది. గొంతులో కోపం లేదు.

“ఊరంతా చెప్పినా నేను నమ్మలేదు బాబూ. నువ్వు చూపిత్తే నమ్మాను.”

భానోజీ తల దించుకున్నాడు.

“మొన్న అటు పరిగెత్తించావు. ఇయ్యాల ఇటు పరిగెత్తిత్తన్నావు. నీకు ఎటు కావాలంటే అటు పరిగెడతాడు ఆయన.” ఆమె మోకాళ్ళ మీద చేతులాన్చి లేచింది. “పాతికేళ్ళు నాకు ఒకేపక్కకి ఎళ్ళాడు.”

వీళ్ళు ఏమన్నా తిన్నారేమో అడుగు అని కూతురికి చెప్పి లోపలికి వెళ్ళింది. పొయ్యి ఊదుతున్న చప్పుడు వినిపించింది.

భానోజీ టేపు మళ్ళీ వెనక్కి తిప్పబోయాడు. ఇంకొక్కసారి చూపిస్తే, ఆ గోడ వచ్చేచోట ఆపి చూపిస్తే అని అంటున్నాడు. పీరయ్య వంగి అతని చేతి కింద నుంచి టేపు బయటికి తీశాడు. ప్లేయరు తీగ ఊడదీసి, నెమ్మదిగా చుట్టి, ఇచ్చినవాళ్ళకు ఇచ్చేశాడు.

లోవకుమారి అక్కడే ఉండిపోయింది. వాళ్ళిద్దరే బస్సెక్కారు. కాలవ పక్కనే చాలాదూరం దారి. గట్టు మీద గేదెలు నిలబడి తడుస్తున్నాయి. భానోజీ అటు చూడలేక లోపలికి తిరిగి కూర్చున్నాడు. లాకులు వెనకబడిపోయాక అడిగాడు.

“ఇదే కదా మాస్టారూ నిజం. నిజం తెచ్చి చూపించినా ఎందుకు నమ్మలేదు?”

పీరయ్య కిటికీ రేకు దించి, మీద పడుతున్న జల్లు ఆపాడు.

“ఆమె ఒకసారి నమ్మింది, భానోజీ.”



సరిచేసిన సినిమాను ఛానెల్ మరుసటి నెలలో ఒక మధ్యాహ్నం వేసింది. నూకయ్య లాకుల దగ్గరే పోయాడని మట్లదిబ్బలో ఇప్పుడు చాలామంది అంటారు. దేవుళ్ళమ్మ ఆ తరువాత నాలుగేళ్ళు బతికింది. ఆ నాలుగేళ్ళలో భర్త పోయాడనీ అనలేదు, ఉన్నాడనీ అనలేదు. లాకుల వైపు మళ్ళీ వెళ్ళలేదు.